మా మరదలు నాతో మాట్లాడిన ఏడాది

నాకు క్షయ వచ్చి తగ్గి మూడేళ్ళు దాటింది. ఆ ముక్క కాగితం మీద పెట్టడానికి ఇంతకాలం పట్టింది. జబ్బు పడ్డ ఏడాది మా ఇంట్లో దానికి పేరే లేదు. "అది" అనేవాళ్ళం. "దానికి మందులు వాడుతున్నారు", "అది తగ్గాక చూద్దాం" అని. మొన్న మా సందు చివర ఉండే ఒక పెద్దమనిషి నాతో మాట్లాడుతూ నాలుగుసార్లు ఆగి దగ్గాడు. ఎన్నాళ్ళ నుంచి అని అడిగితే, "ఏం లేదండీ, వేడి చేసింది" అన్నాడు. నేను ఇంటికి వచ్చి 1999 డైరీ బయటికి తీశాను. ఆయన కోసమూ, ఆయన లాంటి వాళ్ళ కోసమూ, కొంత నా కోసమూ ఇది రాస్తున్నాను.

ముందు మా ఇంటి సంగతి చెప్పాలి. లేకపోతే జరిగిన పొరపాటు ఎలా జరిగిందో అర్థం కాదు.

1956లో మా నాన్నగారు గుంటూరు నుంచి బదిలీ మీద హైదరాబాదు వచ్చారు. నాంపల్లి స్టేషనుకు దగ్గర్లో ఒక సందులో కిరాయికి దిగి, కొన్నేళ్ళకు అదే ఇల్లు కొన్నారు. ఆ ఇంట్లోనే నేనూ నా భార్య సుభద్రా, నాకంటే పదేళ్ళు చిన్నవాడైన తమ్ముడు మురళీ, అతని భార్య సుగుణా ఉంటున్నాం. వంట ఒక్కటే. సుభద్ర వండుతుంది. బట్టలు, ఇల్లు సుగుణ చూసుకుంటుంది. మాకు పిల్లలు లేరు. మురళికి ఒక్కతే కూతురు, పావని. అంటే మొత్తం ఇంటికి ఆ పిల్ల ఒక్కతే.

నేను ఒక ప్రభుత్వ శాఖలో రికార్డు గది చూసేవాణ్ణి. 1994లో రిటైరయ్యాను. 1958 నుంచి డైరీ రాస్తున్నాను. ఏ రోజు వాన పడింది, ఎవరు వచ్చి వెళ్ళారు, గ్యాస్ బండ ఎప్పుడు మార్చాం, అన్నీ అందులో ఉంటాయి. ఇంట్లో ఏ చిన్న తగువు వచ్చినా "డైరీ చూడండి" అంటారు. డైరీలో ఉంటే జరిగినట్టు, లేకపోతే జరగనట్టు. ఈ నమ్మకం నన్ను ఎంత దూరం తీసుకుపోయిందో తర్వాత చెబుతాను.

సుగుణ కాచిగూడలో పుట్టి పెరిగిన మనిషి. 1973లో మా ఇంటి కోడలయింది. వచ్చిన రోజే మా అమ్మ ఆమెకు ఒక నియమం చెప్పింది: బావగారి ఎదుట నిలబడకూడదు, ఆయనతో మాట్లాడకూడదు. మా వైపు పాత ఇళ్ళలో అది మర్యాద. ఆమె దాన్ని పొల్లు పోకుండా పాటించింది. నేను హాల్లోకి వస్తే ఆమె వంటింట్లోకి వెళ్ళేది. నా కాఫీ గుమ్మం పక్క స్టూలు మీద పెట్టి, గ్లాసుతో చిన్న చప్పుడు చేసేది. బయటి నుంచి నేను ఫోన్ చేసినప్పుడు ఆమె ఎత్తితే, నా గొంతు వినగానే రిసీవరు బల్ల మీద పెట్టి సుభద్రను పిలిచేది. అవతల మాట లేకుండా టక్కుమని చప్పుడైతే ఎత్తింది సుగుణ అని నాకు తెలిసేది. అమ్మ 1988లో పోయింది. నియమం ఎత్తెయ్యాలని ఎవరికీ తోచలేదు. నాకూ తోచలేదు. అలా ఇరవై ఆరేళ్ళు ఒకే కప్పు కింద ఉండి, నేనూ నా మరదలూ ఒక్క మాట మాట్లాడుకోలేదు.

1999 మే, జూన్

డైరీలో దగ్గు మొదటిసారి కనిపించేది మే రెండో వారంలో. "పొడి దగ్గు. ఎండ." అంతే. తర్వాత రోజు విడిచి రోజు ఉంది. సాయంత్రాలు ఒళ్ళు వెచ్చబడేది. పంచె కట్టు వదులయ్యేది. వేసవి కదా అనుకున్నాను.

జూన్ మొదట్లో ఒక ఉదయం దగ్గి నోరు తుడుచుకున్న దస్తీ మీద ఎర్రటి చుక్క కనిపించింది. పంపు కింద పట్టి పిండి, మాసిన బట్టల బుట్టలో అడుక్కి తోశాను. డైరీలో రాయలేదు. తెలిసి తెలిసి నేను రాయకుండా వదిలిన మొదటి సంగతి అది.

బట్టలు ఉతికేది సుగుణ. పిండినంత మాత్రాన నెత్తురు మరక పోదని ఆమెకు తెలుసు. ఆ తర్వాత ఏమైందో నేను జబ్బు తగ్గాక ముగ్గురినీ విడివిడిగా అడిగి తెలుసుకున్నాను. రికార్డు గది అలవాటు.

సుగుణ మురళితో అన్న మాట: "బావగారి దస్తీకి నెత్తురంటింది. రేపే దవాఖానకు తోల్కపోండ్రి."

మురళికి నేనంటే చిన్నప్పటి నుంచి భయం. నాతో అనలేక వాళ్ళ వదినతో అన్నాడు. అతను అన్న మాట: "వదినా, అన్నయ్య దగ్గి దగ్గి గొంతు గీరుకుపోయినట్టుంది. ఎవరికైనా చూపిస్తే మంచిదేమో."

సుభద్ర నాకు చెప్పిన మాట: "మీకు వేడి చేసిందని మురళి బెంగ పెట్టుకున్నాడండీ. రెండు పూటలా మజ్జిగ తాగండి."

ఎవరూ అబద్ధం చెప్పలేదు. ఒక్కొక్కరూ పెద్దవాణ్ణి కంగారు పెట్టకూడదని మాటలో కాస్త కాస్త నీళ్ళు కలిపారంతే. నేను దాదాపు నాలుగు వారాలు మజ్జిగ తాగాను. అది మాత్రం డైరీలో శుభ్రంగా రాసి ఉంది: "మజ్జిగ, రెండు గ్లాసులు."

జులై

ఆదివారాలు అబిడ్స్‌లో షాపులు మూసి ఉంటాయి కాబట్టి వాటి ముందు ఫుట్‌పాత్‌ల మీద పాత పుస్తకాలు పరుస్తారు. నేను ముప్ఫై ఏళ్ళుగా వెళుతున్నాను. జులై మొదటి ఆదివారం ఒక కుప్ప ముందు వంగి పుస్తకం తీయబోతుంటే దగ్గు అందుకుంది. ఆగలేదు. కళ్ళ ముందు చీకట్లు కమ్మాయి. పుస్తకాల అతను నన్ను రెక్క పట్టుకుని మూసిన షాపు మెట్టు మీద కూర్చోబెట్టాడు. నలభై ఏళ్ళవాడు ఉంటాడు. నా చేతిలో దస్తీ చూశాడు. నేను మడవబోయేలోగానే చూశాడు.

"పెద్దసార్, ఎన్ని దినాల సంది గిట్ల?"

"వేడి చేసింది" అన్నాను.

"వేడి గాదు సార్. మా చిన్నాయనకు గిట్లనే నెత్తురు పడితే మేం గూడ వేడి వేడి అనుకుంట కూసున్నం. జర ఛాతీ డాక్టర్ కాడికి పోండ్రి. ఫికర్ చెయ్యకుండ్రి, మందులున్నయి. గని ఈ వారమే పోండ్రి."

మీ చిన్నాయన ఎలా ఉన్నారని నేను అడగలేదు. అతనూ చెప్పలేదు. ఆటో పిలిచి ఎక్కించి, "సార్‌ను నాంపల్లిల ఇంటి ముంగట దింపు, మలుపు మీద కాదు" అని డ్రైవరుతో అన్నాడు. మా ఇంట్లో ముగ్గురు మనుషులు నెల రోజుల్లో నాకు చేర్చలేని మాటను పేరు తెలియని మనిషి ఒక్క నిమిషంలో చేర్చాడు.

గన్‌ఫౌండ్రీలో ఛాతీ జబ్బుల డాక్టరు దగ్గరికి మురళి నన్ను తీసుకెళ్ళాడు. కళ్ళద్దాల షాపు మీద మొదటి అంతస్తు. మెట్లు నిటారుగా ఉంటాయి. ఛాతీ జబ్బు వాళ్ళను అన్ని మెట్లు ఎక్కించడం ఏమిటో అనుకుంటూ రెండుచోట్ల ఆగాను. పైన రెండు పొడుగాటి బెంచీలు. అందరి చేతుల్లోనూ దస్తీలు. ఒకరు దగ్గితే మిగిలినవాళ్ళు గోడ కేసి చూసేవాళ్ళు. ఎక్స్‌రే ఫొటోలు, పరీక్షలు, మళ్ళీ రండి, రేపు రండి. ఆ బెంచీ మీద నాలుగు రోజులు కూర్చున్నాను. జబ్బు కంటే ఆ కూర్చోవడమే కష్టం. పేరు పిలుస్తారేమోనని భయం, పిలవరేమోనని భయం.

మూడో రోజు పక్కన ఒకావిడ కూర్చుంది. మెదక్‌లో మిషన్ బడిలో టీచరుగా చేసి రిటైరయ్యారట, దానమ్మ గారు. భర్తను తీసుకొచ్చారు.

"మొదటిసారా సార్? మొఖం చూస్తేనే ఎరుకైతది" అన్నారు. "నాలుగు నెలల కింద మా ఆయన గీ మెట్లు ఎక్కలేక కింద సోడా బండి కాడ కూలబడ్డడు. ఇయ్యాల నాకన్న ముందుగాల ఎక్కి కూసున్నడు, చూడుండ్రి."

"నా గొప్పేం లేదు సార్" అన్నారు ఆయన. "ఆమెకు మోకాళ్ళ నొప్పులు."

ఆవిడ నవ్వి, చేతిసంచిలోంచి ఎండు ఉసిరి ముక్క తీసి ఇచ్చారు. "వాంతికి వస్తే బుగ్గన పెట్టుకోండ్రి. మీ పేరేంది? ఆదివారం ప్రార్థనల యాది చేస్కుంట." పేరు చెప్పాను. వాళ్ళను మళ్ళీ చూడలేదు.

డాక్టరు మాటలు పొదుపు. "క్షయ. ఆరు నెలలు మందులు. ఒక్క రోజు మానకూడదు. నయమయ్యే జబ్బే, మధ్యలో మానితే మాత్రం మొండికేస్తుంది." ఇంట్లో అందరికీ పరీక్షలు చేయించమన్నారు. చేయించాం. దేవుడి దయ, ఎవరికీ లేదు. అప్పుడు మురళి గొంతు తగ్గించి అసలు సంగతి అడిగాడు. పావనికి అప్పుడు నాలుగో నెల. వరంగల్‌లో అత్తవారింట్లో ఉంది. మొదటి పురుడు పుట్టింట్లో పొయ్యడం మా రెండు వైపులా ఆచారం. డిసెంబరు నెలాఖరుకు కాన్పు.

డాక్టరు నా వైపు చూసి చెప్పారు. "మందులు సరిగ్గా వేసుకుంటే నవంబరులో కఫం పరీక్ష చేద్దాం. క్రిములు లేవని వస్తే అమ్మాయిని నిశ్చింతగా తెచ్చుకోండి. అది వాళ్ళ పెదనాన్నగారి చేతిలో ఉంది."

ఆ మాట ఇంటికి వచ్చేదాకా చెవిలోనే ఉంది.

ఆగస్టు

నేను వరండా గదిలోకి మారాను. కంచం, గ్లాసు, దుప్పటి వేరు. నేనే కోరుకున్నాను. అయినా మొదటి రోజు సుభద్ర కంచం గుమ్మం అవతల పెట్టి వెనక్కి తిరిగినప్పుడు ఆమె భుజాలు కదలడం చూశాను. నా బట్టలు కూడా వేరుగా తనే ఉతుకుతానని సుభద్ర అంటే, వంటింట్లో సుగుణ గొంతు వినిపించింది: "నువ్వెందుకక్కా, వేడి నీళ్ళల్ల నానబెట్టి నేనే పిండుత. ఇరవై ఆరేండ్ల సంది ఉతుకుతున్న, ఇప్పుడు పగోనివైనయా ఆ బట్టలు?"

ఆ నెల మురళి, సుగుణ తగువు పడ్డారు. గోడ పక్కనే నేను. కోఠీలో చిన్న పోర్షను కిరాయికి తీసుకుని పురుడు అక్కడ పోద్దామని మురళి. ఇల్లు వదిలిపోయేది లేదని సుగుణ. వరంగల్ నుంచి పావని అత్తగారు ఫోన్ చేసి, "ఏడో నెలల తోల్కపోతరా లేదా? మీకు ఇబ్బందుంటే చెప్పుండ్రి, కాన్పు మేమే చేస్కుంటం" అన్నారట. జబ్బు సంగతి వాళ్ళకు చెప్పలేదు. ఇల్లు రిపేరు చేయిస్తున్నామని చెప్పారు.

ఒకరోజు ఫోన్ నేనే ఎత్తాను. పావని.

"పెదనాన్నా, మీరైనా చెప్పండి. నన్నెందుకు పిలవట్లేదు? ఏం రిపేరు అది, ఇన్నాళ్ళు?"

"సున్నాలమ్మా" అన్నాను. "సున్నాలు వేయిస్తున్నాం." ఇంకేమీ తోచలేదు.

సెప్టెంబరు

ఇక్కడి నుంచి రాయడం కష్టం. అయినా రాయాల్సింది ఇదే.

ఆగస్టు నెలాఖరుకు దగ్గు పోయింది. జ్వరం పోయింది. మిగిలింది మందుల బాధ. పొద్దున మాత్రలు మింగితే మధ్యాహ్నం దాకా కడుపులో తిప్పేది. అన్నం చూస్తే రోత. సుభద్ర గిన్నె పట్టుకుని నిలబడితే అందులో కక్కుకోవడం నాకు జబ్బు కంటే చిన్నతనంగా ఉండేది. ఒకరోజు, మాత్రలు చేతిలో పోసుకున్నాక, ఇవాళ్టికి వద్దనిపించింది. ఉద్యోగంలో ఉండగా ఎప్పుడో ఒకసారి సెలవు చీటీ రాసి పంపినట్టు. ఒక్క రోజు. మధ్యాహ్నం కడుపు నిండా తిన్నాను. సుభద్ర ముఖం ఎంత తేటపడిందో.

డైరీలో రోజూ మాత్రలు వేసుకున్నట్టు టిక్కు పెట్టేవాణ్ణి. సుభద్ర రోజూ ఆ టిక్కు చూసేది. నన్ను అడిగేది కాదు. డైరీలో ఉంటే జరిగినట్టే కదా. ఆ రోజూ టిక్కు పెట్టాను.

తర్వాత మూడు రోజులు వేసుకున్నాను. మళ్ళీ ఒకరోజు మానాను. తర్వాత లెక్క తప్పింది. మానిన రోజు మాత్రలు లాల్చీ జేబులో వేసుకుని, బయటికి వెళ్ళినప్పుడు పారేసేవాణ్ణి. దగ్గు లేదు కదా, జబ్బు పోయినట్టే కదా, మిగతాది డాక్టర్ల జాగ్రత్త కదా అని నాకు నేను చెప్పుకునేవాణ్ణి. ఇది చదువుతున్నవాళ్ళలో ఎవరికైనా ఇలా అనిపిస్తుంటే, దయచేసి నా మాట నమ్మండి: జబ్బు పోయిందని మనకు అనిపించడం వేరు, పోవడం వేరు.

సెప్టెంబరు మూడో వారం. మురళి ఆఫీసుకు వెళ్ళాడు. సుభద్ర కూరగాయలకు వెళ్ళింది. నేను వరండాలో పేపరు చూస్తున్నాను. తలుపు తెరుచుకుంది. సుగుణ బయటికి వచ్చి నా ఎదుట, రెండడుగుల దూరంలో నిలబడింది. చేతిలో తడిసిన నా తెల్ల లాల్చీ. దాన్ని నా పేపరు మీద పరిచింది. జేబు దగ్గర అరచేయంత ఎర్రటి మరక. మాత్రల్లో ఎర్రటి గొట్టాలు, క్యాప్సూల్స్, నీళ్ళలో కరిగిన మరక.

"బావగారూ."

నేను అలవాటు కొద్దీ వెనక్కి చూశాను, ఎవరైనా ఉన్నారేమోనని.

"ఎవరున్నరని చూస్తున్నరు? మీతోనే. ఇదేంది?"

"జేబులో మరిచిపోయినట్టున్నాను."

"ఇయ్యాల మరిచిపోయిన్రు. పోయిన సోమారం గూడ మరిచిపోయిన్రా? ఆ లాల్చీకి గూడ గింతంత ఎరుపు ఉండె. పాన్ మరక అనుకున్న. బండకేసి రుద్దుతుంటే యాదికొచ్చింది, మా బావగారు పాన్ తినరు కదా అని."

"సుభద్రకు చెప్పకు" అన్నాను. ఇరవై ఆరేళ్ళలో సొంతంగా నేను ఆమెను అడిగిన మొదటి సంగతి అది. రాయడానికి సిగ్గుగా ఉంది.

"చెప్ప. ఎవ్వరికీ చెప్ప. చెప్తే ఏమైతదో చూసిన కదా. దస్తీ మీద నెత్తురు చూసి నేను చెప్తే, మీ దాకా వచ్చేసరికి మజ్జిగైంది."

నాకు ఆ సంగతి అప్పుడే తెలిసింది. దస్తీ ఆమె చూసిందని, ఆనాడే చెప్పిందని.

"నువ్వు జూన్‌లోనే చూశావా?"

"చూసిన. మా ఇంటాయన్ను పట్టుకోని ఏడ్చిన గూడ. మీకే చెప్దామని రెండుసార్లు గీ తలుపు దాకా వచ్చి నిలబడ్డ. అత్తమ్మ మాట యాదికొచ్చి తిరిగిపోయిన. ఆ తప్పు నాది. మల్ల చెయ్య. అత్తమ్మకు నేను పైకి పోయినంక జవాబు చెప్పుకుంట."

తల దించలేదు. "నా బిడ్డ ఈడికి రావాలె బావగారూ. ఈ ఇంట్లనే పురుడు పోయాలె. మీకు మందు చేదైందని అది వేరేటోళ్ళ ఇంట్ల కంటదా? మీరు మాకు పెద్దోళ్ళు. మీకేమన్న అయితే అక్క ఏం గావాలె, మేమేం గావాలె? ఎన్ని దినాలు మానేసిన్రు, చెప్పుండ్రి."

డైరీ తీశాను. ఆగస్టు, సెప్టెంబరు. అన్నీ టిక్కులే. ఒకే సిరా, ఒకే కొలత. ఏది నిజమో ఏది కాదో, పెట్టిన నాకే తెలియలేదు.

"ఎన్ని?" అంది మళ్ళీ.

"తెలియదమ్మా" అన్నాను.

ఆమె ఆ డైరీ మూసింది. "సాయంత్రం డాక్టర్ కాడికి పోదాం. నేనొస్త" అని లాల్చీ తీసుకుని లోపలికి వెళ్ళింది.

గన్‌ఫౌండ్రీ మెట్లు ఆ సాయంత్రం ముగ్గురం ఎక్కాం. సుభద్రకు నేనే చెప్పాను, ఆటో ఎక్కేముందు. ఆమె దారంతా నా చెయ్యి పట్టుకుంది. ఆ తర్వాత ఇప్పటివరకూ నా డైరీ తెరిచి చూడలేదు. అది నాకు పడిన శిక్ష.

"ఎన్ని రోజులు మానారు?" అని డాక్టరు కూడా అడిగారు. తెలియదని మళ్ళీ చెప్పాల్సి వచ్చింది. ఆయన కలం కింద పెట్టారు. "చదువుకున్నవాళ్ళు, మీరే ఇలా చేస్తే..." అని ఆగి, "ఆరు నెలలు మళ్ళీ మొదటి నుంచి లెక్క. నవంబరు పరీక్షలో ఏమొస్తుందో ఇప్పుడు చెప్పలేను" అన్నారు. వాంతుల మాట ఇప్పుడైనా చెప్పమని సుగుణ నన్ను మోచేత్తో పొడవలేదు గాని, అంత పనీ చేసే చూపు చూసింది. చెప్పాను. "ఇది మొదటే చెప్పాలి కదండీ" అని డాక్టరు దానికి వేరే మాత్ర రాసి, కొంచెం తిన్నాక వేసుకోమన్నారు. మూడు వారాలు నేను దాచిన బాధకు మందు మూడు నిమిషాల్లో దొరికింది.

అక్టోబరు, నవంబరు

మర్నాటి నుంచి ఉదయం ఎనిమిదింటికి సుగుణ వచ్చేది. ఒక చేతిలో రెండు ఇడ్లీలు, ఒక చేతిలో సాసరులో మాత్రలు.

"తినుండ్రి. ఇగ మింగుండ్రి. నోరు తెర్వుండ్రి."

"మింగానమ్మా."

"నాలిక లేపుండ్రి. రికార్డు గదిల పని చేసినోళ్ళను నమ్మొద్దు, ఏడనైనా దాస్తరు."

మొదటి రోజు సుభద్ర వంటింటి గుమ్మంలో గరిటె పట్టుకుని నిలబడిపోయింది. "ఏమిటే సుగుణా, బావగారితో మాట్లాడుతున్నావా?"

"మాట్లాడతలేనక్కా. తిడుతున్న."

టిక్కులు పెట్టడం మానేశాను. డైరీ ఆమె చేతికిచ్చాను. మొదట వద్దంది. తర్వాత పెన్ను గట్టిగా పట్టుకుని, గుండ్రటి అక్షరాలతో "మింగిన్రు" అని రాసింది. ఆ ఏడాది సెప్టెంబరు నుంచి ప్రతి పేజీలోనూ నా రాత కింద ఆ మాట ఉంది. వాంతి అయిన రోజున "మింగిన్రు, కక్కిన్రు, మల్ల మింగిన్రు" అని ఉంది. అంత నమ్మదగిన రికార్డు నా ముప్ఫై ఆరేళ్ళ ఉద్యోగంలో నేను చూడలేదు.

ఈ లోపల పావని ఏడో నెల దాటింది, ఎనిమిది వచ్చింది. అత్తగారి ఫోన్లు పెరిగాయి. ఇక సున్నాల మాట చెల్లదని తేలిపోయింది. ఒకరోజు సుగుణే ఫోన్ చేసి, వియ్యపురాలికి ఉన్నదున్నట్టు చెప్పేసింది. మురళి తల పట్టుకుని కూర్చున్నాడు. తర్వాత ఆవిడ అన్న మాట సుగుణ మాకు చెప్పింది: "గా మాట ముందుగాల చెప్తే అయిపోతుండె కదా వదినె. మా మామకు గూడ ఉండె. పరీక్ష కానియ్యుండ్రి, బిడ్డను నేనే తోల్కొస్త." మూడు నెలలు మేం ఎవరి నుంచి దాచామో, ఆవిడ మా కంటే ముందే దాన్ని చూసిన మనిషి.

నవంబరు మూడో వారంలో కఫం పరీక్షలు. ఫలితం రోజు మురళి ఆఫీసు నుంచి నేరుగా వెళ్ళి తెస్తానన్నాడు. మేం ముగ్గురం వరండాలో కూర్చున్నాం. సుభద్ర బియ్యంలో రాళ్ళు ఏరుతోంది, లేని రాళ్ళు కూడా. నాలుగున్నరకు ఫోన్ మోగింది. సుగుణ ఎత్తింది. అవతలి మాట వింది. రిసీవరు పెట్టేసి వచ్చి నా ఎదుట కూర్చుంది.

"లేవట" అంది. "మూడు పరీక్షలల్ల ఒక్క పురుగు గూడ లేదట." అప్పుడు ఏడ్చింది. సుభద్ర చాట పక్కన పెట్టి ఆమెను దగ్గరికి తీసుకుంది. నేను లేచి వెళ్ళి మొహం కడుక్కున్నాను.

డిసెంబరు, ఆ తర్వాత

పావని డిసెంబరు మొదట్లో వచ్చింది. గుమ్మంలో నిలబడి గోడలన్నీ చూసి, "సున్నాలు ఏవి పెదనాన్నా?" అంది. అందరం నవ్వాం. నెలాఖరుకు ఆడపిల్ల పుట్టింది. డాక్టరు అభ్యంతరం లేదన్నా నేను పదకొండో రోజు వరకు దూరంగానే ఉన్నాను. బారసాల నాడు సుగుణే పిల్లను తెచ్చి నా ఒడిలో పడుకోబెట్టింది. "ముట్టుకోండ్రి, ఏం గాదు. అది మీకన్న గట్టిది."

మార్చి నెలాఖరులో చివరి మాత్ర. చివరి ఫొటో చూసి డాక్టరు "ఇక రావద్దు" అన్నారు. ఆ మాటకు ఎంత సంతోషించానంటే, ఆ మెట్లు దిగుతూ ఒక్కచోట కూడా ఆగలేదు.

జబ్బులో ఉన్నవాళ్ళకు నేను చెప్పగలిగింది కొంచెమే. బాధ ఉంటే డాక్టరుకు మీ నోటితో చెప్పండి. మందు మింగేటప్పుడు ఇంట్లో ఒకరిని ఎదురుగా నిలబడమనండి, మీరు ఎంత పెద్దవారైనా సరే. ఇంట్లోవాళ్ళకు ఇంకొక మాట: పెద్దవాళ్ళ మీద గౌరవంతో మాటను మెత్తబరచకండి. మెత్తబడిన మాట చేరదు.

మందులు అయిపోయిన మర్నాడు ఎనిమిదింటికి నేను వరండాలో కూర్చున్నాను. సాసరు రాలేదు. రావలసిన పని లేదు. లోపల పావని పిల్లకు నీళ్ళు పోస్తున్నారు. సుగుణ తడి తువ్వాలు ఆరేయడానికి బయటికి వచ్చి, నా వైపు చూడకుండా దండెం దగ్గరికి వెళ్ళింది. పని అయిపోయింది కనుక పాత పద్ధతి మళ్ళీ వచ్చేస్తుందేమోనని నాకు భయం వేసింది. ఆలోచిస్తే, అంతవరకు ప్రతిసారీ మొదట మాట్లాడింది ఆమే. నేను జవాబులు చెప్పానంతే.

"సుగుణా" అని పిలిచాను.

తువ్వాలు చేతిలోనే పట్టుకుని తిరిగింది.

"నిన్నటి నుంచి ఎడమ మోకాలు నొప్పిగా ఉంది. మెట్లు తొందరగా దిగాను."

ఆమె తువ్వాలు దండెం మీద పడేసింది. తర్వాత లోపలికి తిరిగి, పిల్ల ఉలిక్కిపడేంత గట్టిగా కేకేసింది: "అక్కా! ఇటు రా, ఇటు రా! బావగారు ఎవ్వరూ అడగకముందే నొప్పని చెప్తున్నరు!"